కోచ్ చెప్పమన్న మాట

చెక్ దేశం నుంచి వచ్చిన ఒక ఫుట్‌బాల్ కోచ్‌కి నేను ఎనిమిది నెలలు దుబాసీగా పనిచేశాను. ఈ సంగతి చెబితే మా చుట్టాలు ఇప్పటికీ నవ్వుతారు. నవ్వరూ మరి! అప్పుడే రిటైరైన ఇంగ్లీషు టీచరమ్మ నూలు చీర కట్టుకుని, గొడుగు వేసుకుని, మైదానం గీత పక్కన నిలబడి ఇరవైమంది కుర్రాళ్ళని హిందీలో "వెనక్కి రండి, వెనక్కి రండి" అని అరుస్తుంటే చూసేవాళ్ళకి వినోదమే. మా ఆయన ట్రక్కుల ఫ్యాక్టరీలో ముప్పై మూడేళ్ళు పనిచేసి, ఇప్పుడు టీవీలో ఫుట్‌బాల్ తప్ప మరొకటి చూడని మనిషి. నేను ఈ పనికి ఒప్పుకున్నానని తెలిసిన రోజున, "బంతి గుండ్రంగా ఉంటాదనేనా తెలుసేటి నీకు?" అన్నారు. తెలుసన్నాను. అంతకు మించి నిజంగానే ఏమీ తెలీదు.

కానీ నాకొక జబ్బుంది. కొత్త మనిషి కనిపిస్తే ఎక్కడ పుట్టాడు, ఏం తింటాడు, ఇక్కడికి ఎందుకొచ్చాడు అన్నీ తెలిసేదాకా నాకు అన్నం సయించదు. ఆ జబ్బే నన్ను ఈ పనిలోకి దింపింది.

రిటైరయ్యాక మేము కంపెనీ క్వార్టర్ ఖాళీ చేసి, జంషెడ్‌పూర్‌లోనే టెల్కో కాలనీ మార్కెట్ వెనక ఒక ఇంట్లో కింది వాటా అద్దెకి తీసుకున్నాం. వానలు మొదలైన నెలలో పై వాటాలోకి ఆ కోచ్ దిగాడు. ఆరడుగులు దాటిన మనిషి, తెల్లబడ్డ గడ్డం, వయసు యాభై పైనే. పర్సుడీహ్‌లో లారీలు తిప్పే ఒక యజమానికి ఫుట్‌బాల్ పిచ్చి. ఆ పిచ్చితో ఒక చిన్న క్లబ్బు పెట్టి, దానికి మేనేజర్‌గా ఈయన్ని ఎక్కణ్ణించో పట్టుకొచ్చాడు. ఆ క్లబ్బు ఇప్పుడు లేదు. మేనేజరంటే మనకి బ్యాంకులో కూర్చునేవాడు గుర్తొస్తాడు గాని, ఈయన పని వేరు. ఎవరు ఆడాలి, ఎవరు బెంచీ మీద కూర్చోవాలి, ఎవరు మూట సర్దుకుని ఇంటికి పోవాలి అన్నది తేల్చేది ఆయనే. కుర్రాళ్ళు కోచ్ సార్ అనేవాళ్ళు. నేనూ అలాగే అంటాను.

మొదటి రోజే ఒకటి గమనించాను. ఆయన మెట్లు ఎక్కేటప్పుడు మామూలుగానే ఎక్కుతాడు. దిగేటప్పుడు మాత్రం గోడ పట్టుకుని, ఒక్కో మెట్టూ పక్కవాటుగా దిగుతాడు. ఎందుకు చెప్మా అని వారం రోజులు బుర్ర బద్దలు కొట్టుకున్నాను. అడగడానికి మొహమాటం. పరిచయం లేని మగమనిషిని కాళ్ళ గురించి ఎలా అడుగుతాం?

పరిచయం క్యాబేజీ వల్ల అయింది. డాబా మీద ప్లాస్టిక్ బకెట్లో క్యాబేజీ తరిగి, ఉప్పేసి, పైన రాయి పెట్టి ఊరబెట్టాడు. ఆ కంపుకి ఇంటావిడ గొడవకి దిగింది. అదే డాబా మీద చేటలో నా నెత్తళ్ళు చేపలు ఎండుతున్నాయి. వాటిని భరించిన మనిషి ఈ ఆకుల్ని భరించలేదా అని ఆవిడకి హిందీలో సర్దిచెప్పి, ఆయనకి ఇంగ్లీషులో బకెట్ మూత పెట్టుకోమని చెప్పాను. ఆ సమయానికి అక్కడే ఉన్న లారీల యజమాని నన్ను ఎగాదిగా చూసి, "టీచర్‌జీ, ఈ గోరా ఏం చెబితే అది మా కుర్రాళ్ళకి చెప్పండి, బస్, అంతే పని" అన్నాడు. అంతే పని. సరిగ్గా ఆ పనే నేను చెయ్యలేకపోయాను.

ఆయన ఇంగ్లీషు ఆయన సొంతం. నా క్లాసులో గనక ఉంటే రోజూ బెంచీ ఎక్కించేదాన్ని. కానీ వారం పదిరోజులు అలవాటు పడ్డాక నాకు ఆ మాటల వెనక మనిషి కనిపించడం మొదలైంది. పొద్దున్న కంపెనీ సైరన్ మోగగానే చెయ్యి గడియారం చూసుకునేవాడు. వీధిలో షిఫ్టు బస్సు వెళ్తుంటే "ఆరు నుంచి రెండు" అనేవాడు. మీకెలా తెలుసన్నాను. ఆయన పుట్టింది కూడా ఉక్కు ఊళ్ళోనేనట. తండ్రి బొగ్గు కాల్చే బట్టీల దగ్గర పనిచేశాడట. ఇంట్లో ముగ్గురు పిల్లలు తండ్రి షిఫ్టును బట్టి గట్టిగా మాట్లాడాలో గుసగుసలాడాలో నేర్చుకున్నారట. సరిగ్గా మా ఇల్లే! మా నాన్న శ్రీకాకుళం వైపు నుంచి వచ్చి ఇక్కడ ఫౌండ్రీలో చేరిన మనిషి. రాత్రి డ్యూటీ చేసొచ్చి పగలు పడుకుంటే మేము పలకల మీద బలపం కూడా మెల్లగా గీసేవాళ్ళం. ఎక్కడి చెక్ దేశం, ఎక్కడి జంషెడ్‌పూర్! నాకు ఒళ్ళు పులకరించింది.

ఇక నేను ఊరుకుంటానా. మైదానానికి వెళ్ళేటప్పుడు, వచ్చేటప్పుడు, ఆటోలో, టీ కొట్టు దగ్గర అడుగుతూనే ఉన్నాను. పద్దెనిమిదో ఏట కార్ఖానా జట్టులో చేరాడు. తర్వాత పన్నెండేళ్ళు రెండో శ్రేణి జట్లలో, వెనక నిలబడి గోల్ కాపాడే ఆట. దేశంలో పెద్ద జట్లు ఆడే పోటీలో ఆయన ఆడింది ఒక్కసారే, పదకొండు నిమిషాలు. ఆ పదకొండు నిమిషాల్లో బంతి ఆయన కాలికి మూడుసార్లు తగిలిందట. ఆ మూడుసార్లూ ఎటు కొట్టాడో టీ గ్లాసులు, బిస్కెట్లు పేర్చి నాకు చూపించాడు. కొట్టువాడు బిస్కెట్లు తినరా అని విసుక్కున్నాడు.

తర్వాత మోకాలు పోయింది. ఆ తర్వాత ఎనిమిదేళ్ళ పిల్లల జట్టుకి కోచ్. తర్వాత ఒక పల్లెటూరి జట్టు. అందులో గోల్‌కీపర్ ఆ ఊరి కసాయి, శనివారం మాంసం అమ్ముడైతే గాని మైదానానికి రాడు. తర్వాత పక్క దేశం, మాల్టా దీవి, గల్ఫ్‌లో రెండేళ్ళు, ఆఖరికి మా ఊరు. ఒక్కొక్క చోటి నుంచి ఎందుకు వచ్చేశారని అడిగితే, "తీసేశారు" అనేవాడు. "అక్కడా?" "అక్కడా తీసేశారు." ఈ మాటని ఆయన ఇవాళ ఎండగా ఉంది అన్నంత తేలిగ్గా అనేవాడు.

నాకది వింతగా ఉండేది. మన వాళ్ళయితే "నేనే మానేశాను" అంటారు. "అక్కడి నీళ్ళు పడలేదు" అంటారు. మా ఇంట్లో డబ్బాలో బియ్యం అయిపోతే అయిపోయాయని మా అమ్మ ఎన్నడూ అనలేదు, నిండుకున్నాయనేది. గుమ్మం దాటేవాడు వెళ్తానంటే ఒప్పుకునేది కాదు, వస్తానని అనిపించి గాని కదలనిచ్చేది కాదు. ఆ ఇంట్లో పెరిగి, ముప్పై ఏళ్ళు బళ్ళో పనిచేసి, ప్రోగ్రెస్ రిపోర్టుల మీద నేను రాసిన మాటలన్నీ అలాంటివే. లెక్కల్లో సున్నా వచ్చిన పిల్లాడికి "ఇంకొంచెం శ్రద్ధ పెడితే బాగా రాణించగలడు" అని రాశాను. తల్లిదండ్రులు సంతోషంగా వెళ్ళేవాళ్ళు. నేను చేసింది మంచిపనే అనుకునేదాన్ని, నిజం చెప్పాలంటే గర్వపడేదాన్ని కూడా.

కోచ్‌కి ఒక పద్ధతి ఉండేది. శుక్రవారం సాయంత్రం ఆట అయ్యాక, బంతులూ వలలూ పెట్టే గదిలో కూర్చుని, కుర్రాళ్ళని ఒక్కొక్కరినే పిలిచేవాడు. ఒక్కొక్కడికి ఆ వారం చూసిన ఒక్క నిజం చెప్పేవాడు. ఒక్కటే, పైన పూత లేకుండా. నేను పక్క స్టూలు మీద కూర్చుని దాన్ని హిందీలో చెప్పాలి.

మొదటి శుక్రవారం ఒక బలిష్ఠుడైన కుర్రాడు వచ్చాడు. కోచ్ అన్నాడు, "నువ్వు బద్ధకస్థుడివి. బంతి నీ దగ్గరికి రాదని తెలిస్తే నడుస్తావు. ఇలాగే ఉంటే నెల తర్వాత నువ్వు నాకు అక్కర్లేదు." ఆ కుర్రాడు చేతులు కట్టుకుని, పెద్ద కళ్ళేసుకుని నా వైపు చూశాడు. పొద్దున్న ఏం తిని వచ్చాడో ఏమో అనిపించింది నాకు. "బాబూ, నీలో చాలా బలం ఉందంటున్నారు సార్. దాన్ని ఇంకొంచెం బయటికి తియ్యమంటున్నారు" అన్నాను. వాడి మొహం చేటంత అయింది. కోచ్ కాళ్ళకి దణ్ణం పెట్టి వెళ్ళాడు.

అలా నెలలు గడిచాయి. ఒక్కడూ మొహం ముడుచుకున్నది లేదు. కోచ్‌కి ఆశ్చర్యం. ఇన్ని చోట్ల పనిచేశాను, తిడితే నవ్వే ఆటగాళ్ళని ఎక్కడా చూడలేదు, వీళ్ళ గుండె చాలా పెద్దది అని వాళ్ళావిడకి ఫోన్లో చెప్పుకున్నాడట. ఆ మాట నాకు చెప్పినప్పుడు లోపల చిన్న ముల్లు గుచ్చుకుంది. కానీ జట్టు గెలుస్తూ ఓడుతూ మామూలుగానే నడుస్తోంది, ఎవరికీ నష్టం లేదు కదా అని సర్దుకున్నాను.

నష్టం ఎవరికి రావాలో వాళ్ళకి వచ్చింది.

జట్టులో మన తెలుగు కుర్రాడు ఒకడున్నాడు. బాగ్‌బేరా రైల్వే కాలనీ వాడు, ఇరవై మూడేళ్ళు. తండ్రి రైలు పట్టాల మీద పనిచేస్తాడు. మా తెలుగు చర్చిలో వాళ్ళమ్మా నేనూ పక్కపక్కన కూర్చుంటాం. ఆవిడ నన్ను వదినా అంటుంది, వీడు అత్తా అంటాడు. నేను తెలుగులో పలకరిస్తే హిందీలో జవాబిస్తాడు, ఈ ఊళ్ళో ఆ వయసు పిల్లలందరిలాగే. ఎడమ కాలి ఆటగాడు. గీత వెంబడి పరిగెత్తుతుంటే ఆట తెలియని నేను కూడా గొడుగు పక్కన పెట్టి చూసేదాన్ని. పెద్ద క్లబ్బు వాళ్ళు ఒక్కసారి చూస్తే చాలు అన్నది వాడి ఆశ, వాళ్ళింటి ఆశ కూడా అదే.

డిసెంబర్లో ఒక ప్రాక్టీసులో వాడి మోకాలు మెలిక పడింది. వాళ్ళమ్మ వెంట వెళ్ళి ఆసుపత్రిలో స్కానింగ్ తీయించింది. ఆ రిపోర్టు కోచ్ చూశాడు, డాక్టరుతో ఫోన్లో మాట్లాడాడు. మర్నాడు టీ కొట్టు దగ్గర నన్ను కూర్చోబెట్టి మొత్తం చెప్పాడు. లోపల పట్టి ఉంచే నరం తెగింది, ఎముకల మధ్య మెత్తదనం అరిగిపోయింది. ఇంక వాడు ఆడకూడదు. విశ్రాంతి కాదు, ఆపెయ్యడమే. మామూలుగా నడవగలడు, పిల్లల చేత ఆడించగలడు. ఆడితే మాత్రం ముప్పై ఏళ్ళకే మెట్లు తనలాగా పక్కవాటుగా దిగుతాడు, ఇంకోసారి మెలిక పడితే అదీ దక్కకపోవచ్చు. నా వారం రోజుల బుర్ర బద్దలు కొట్టుకోవడానికి జవాబు అలా పూర్తిగా దొరికింది. దొరికిందని సంతోషం కలగలేదు.

"రాంచీలో ఫిబ్రవరిలో కోచింగ్ కోర్సు ఉంది. వీడికి ఆట చదవడం తెలుసు. సీటు మాట్లాడాను. ఒప్పుకుంటే పిల్లల జట్టు వీడికే" అన్నాడు.

నేనడిగాను, "మీ మోకాలు పోయినప్పుడు మీకెవరు చెప్పారు?"

"మా మేనేజర్. బస్సులో, డ్రైవర్ పక్క సీట్లో కూర్చుని, అందరూ వింటుండగా. నీ పని అయిపోయింది, వేరే పని నేర్చుకో అన్నాడు. పదేళ్ళు అసహ్యించుకున్నాను. అతను పోయినప్పుడు శవపేటిక మోసినవాళ్ళలో నేనూ ఉన్నాను." టీ గ్లాసు పక్కన పెట్టి, "ఈ కుర్రాడికి నువ్వు చెప్పు. వాడి భాషలో చెప్పు. నా ఇంగ్లీషులో అయితే సుత్తి దెబ్బలా ఉంటుంది. నేను పక్కన నిలబడతాను" అన్నాడు.

ఆ సాయంత్రం బంతుల గదిలో వాడు బల్ల మీద కాలు చాపుకుని కూర్చున్నాడు. కోచ్ వెనక నిలబడి వాడి భుజం మీద చెయ్యి వేశాడు. నేను ఎదురుగా కూర్చున్నాను. నాకు బాగా గుర్తు, నోరు తెరిచేదాకా నిజమే చెప్పాలని అనుకున్నాను. తెరిచాక వాడి మొహం చూశాను. పిల్లాడు మొన్ననే చర్చిలో క్రిస్మస్ నక్షత్రం కట్టడానికి నిచ్చెన ఎక్కాడు. ఎలా చెప్పను?

"ఏటంటే నాన్నా, కాలికి గట్టి రెస్టు కావాలంటన్నారు సారు. ఈ లోపల ఖాళీగా ఉండకుండా సిన్నపిల్లల సేత ఆడించమంటన్నారు. రాంచీలో ఏదో కోర్సుందట, అదీ సేసీమంటన్నారు. తరవాత సూద్దాం."

వాడు నన్నే చూస్తూ, "థోడే దిన్ కీ బాత్ హై నా, అత్తా?" అన్నాడు. కొన్నాళ్ళే కదా అని.

"అంతేరా నాన్నా" అన్నాను.

బయటికొచ్చాక కోచ్ అడిగాడు, "అంతా చెప్పావా?" చెప్పానన్నాను. "ఏడవలేదు. నేను ఏడ్చాను" అన్నాడాయన, వాడి మీద గౌరవంతో. ఆ గౌరవం చూసి నాకు చచ్చినంత పని అయింది. అయినా నోరు విప్పలేదు.

తర్వాత నెలన్నర నేను ఇటు అబద్ధం అటు, అటు అబద్ధం ఇటు మోశాను. వాడు పిల్లల మధ్య ఈల పట్టుకుని నిలబడి, కళ్ళు మాత్రం పెద్దవాళ్ళ ప్రాక్టీసు మీద పెట్టేవాడు. కోర్సు కాగితం మీద సంతకం పెట్టమని కోచ్ అంటే, ఆడేవాడికి కోర్సు ఎందుకు, వచ్చే ఏడు చూద్దాంలే అనేవాడు. నేను కోచ్‌తో "ఆలోచించుకుంటున్నాడు" అనేదాన్ని. కోచ్ ఏదో అంటే వాడితో "నీ ఇష్టమే అంటన్నారు" అనేదాన్ని. ఇద్దరూ నన్ను నమ్మారు. మోకాలి వాపు తగ్గింది. వాపు తగ్గితే కాలు బాగైనట్టే అనుకున్నాడు వాడు. అనుకోక ఏం చేస్తాడు, కొన్నాళ్ళే అని చెప్పింది నేనే కదా.

మా వైపు పల్లెల్లో వరి కోతలయ్యాక ఖస్సీ టోర్నమెంట్లు పెడతారు. ఖస్సీ అంటే మేకపోతు. గెలిచిన జట్టుకి కప్పు ఉండదు, మేకపోతే బహుమతి. కోసేసిన మడిలో మోళ్ళు చదును చేసి, సున్నం గీతలు గీసి, చుట్టూ వందల మంది జనం. నేల గట్టిగా, ఎగుడుదిగుడుగా ఉంటుంది. క్లబ్బు కుర్రాళ్ళు అక్కడ ఆడకూడదని కోచ్ నియమం. ఆ నియమాన్ని మాత్రం నేను ఉన్నదున్నట్టే చెప్పాను. తన కాలు పనికొస్తుందో లేదో చూసుకోవాలని వీడు ఒక ఆదివారం ఎవరికీ చెప్పకుండా వెళ్ళాడు.

ఆ రోజు చర్చిలో వాడు లేడు. మధ్యాహ్నం వాళ్ళమ్మ ఫోన్ చేసింది. "వదినా, పిల్లడు పడిపోనాడు. ఇద్దరు కుర్రాళ్ళు బండి మీద మధ్యన కూకోబెట్టి తెచ్చేరు. కాలు నేల మీద ఆనడం నేదు వదినా" అని ఏడుపు. ఆసుపత్రిలో కట్టు కట్టి, వాపు తగ్గాక ఆపరేషన్ అన్నారు. ఆపరేషన్ అయినా నడక ఎలా ఉంటుందో అప్పుడే చెప్పలేమన్నారు.

మర్నాడు కోచ్, నేను ఆటోలో బాగ్‌బేరా బయల్దేరాం. ఆటో స్టేషన్ దాటింది. అప్పుడు ఆయన అడిగాడు, "ఎందుకు ఆడాడు? తెలిసి తెలిసి ఎందుకు ఆడాడు?"

ఇంక నావల్ల కాలేదు. మొత్తం చెప్పేశాను. ఆ రోజు గదిలో ఏం అన్నానో, వాడు ఏం అడిగాడో, నేను అంతేరా నాన్నా అన్నానని కూడా. ఆయన తిడతాడనుకున్నాను. తిట్టలేదు. యార్డులో గూడ్సు బండి కదులుతోంది, గేటు పడి ఉంది, మా ఆటో ఆగింది. పెట్టెలన్నీ దాటేదాకా ఆయన వాటినే చూశాడు. గేటు లేచాక నా వైపు తిరిగి, "మరి ఈ ఎనిమిది నెలలు, శుక్రవారాలు, వాళ్ళతో మాట్లాడింది ఎవరు?" అన్నాడు.

నాకు తల కొట్టేసినట్టయింది.

రైల్వే క్వార్టర్ ముందు కుళాయి గొట్టానికి ఒక నల్ల మేకపోతును కట్టేశారు. వీడు పడిపోయాక కూడా వాళ్ళ జట్టు గెలిచిందట. పాపం ఆ కుర్రాళ్ళు వాటాలు వేసుకోకుండా మేకపోతు మొత్తాన్ని వీడికే ఇచ్చేసి పోయారు. అది కాలనీ వాళ్ళ పూలకుండీలోని ఆకులు తింటోంది. కోచ్ దాన్ని చూసి ఏమిటని అడిగాడు. బహుమతి అన్నాను. ఆయన టోపీ తీసి చేత్తో పట్టుకున్నాడు.

లోపల వాడు మంచం మీద, కాలు రెండు తలగడల మీద. తండ్రి డ్యూటీకి వెళ్ళాడు. తల్లి టీ పెడతానని లేచింది. "టీ తరవాత వదినా, నువ్వూ కూకో" అన్నాను. కోచ్ ప్లాస్టిక్ కుర్చీ మంచం దగ్గరికి జరుపుకుని కూర్చున్నాడు. "ఈసారి మాట నాది. నువ్వు మోసుకెళ్ళడమే" అన్నాడు నాతో. తర్వాత వాడి వైపు చూస్తూ, మెల్లగా, ఒక్కో మాట ఆపి చెప్పాడు. నేను తెలుగులో చెప్పాను.

"నువ్వింక ఆడలేవు. ఇది రెస్టు కాదు. డిసెంబర్లోనే నీ ఆట అయిపోయింది. నిన్న పడకపోయినా అయిపోయినట్టే." కోచ్ ఆగాడు. నేను ఆగలేదు. తర్వాత మాటలు నావే. "ఈ మాట సారు ఆ రోజే నీకు సెప్పమన్నారు. నేనే సెప్పలేదు నాన్నా. కొన్నాళ్ళే అని నేను కలిపేను. సారు అనలేదు."

వాడు నన్ను చూశాడు. కోపంగా చూసినా బాగుండేది. అర్థం కానట్టు చూశాడు. అప్పుడు తలుపు దగ్గర నుంచి వాళ్ళమ్మ, కొంగు నోటికి అడ్డం పెట్టుకుని, "డాట్రు బాబు నాతోనూ సెప్పేడ్రా. ఆటలు మానిపించీమన్నాడు. నీకెలగ సెప్పనురా అయ్యా. వచ్చీ ఏడు ఆడుదువుగానిలే అన్నాను" అంది.

బయట మేకపోతు అరుస్తోంది.

"అందరికీ తెలుసు" అన్నాడు వాడు. తెలుగులో అన్నాడు. నాతో వాడు తెలుగులో మాట్లాడడం అదే మొదలు. "నాకు తప్ప అందరికీ తెలుసు."

నేను ఏడ్చాను. క్షమించమని అడిగాను. వాడు గోడ వైపు తిరిగాడు. తల్లి దగ్గరికెళ్ళి నుదుటి మీద చెయ్యి వెయ్యబోతే తల పక్కకి తిప్పుకున్నాడు. ఇంక లేచి వెళ్దామా అని నేను కోచ్ వైపు చూశాను. ఆయన కదల్లేదు.

చివరికి వాడే అన్నాడు, "సార్‌ని ఒకటి అడుగు. ఆయనకి ఇలగ సెప్పినాక, మళ్ళీ ఎప్పుడు బంతి ముట్టుకున్నాడో అడుగు."

నేను ఉలిక్కిపడ్డాను. ఎనిమిది నెలలు ఆ మనిషిని తిండి అడిగాను, తండ్రినడిగాను, దేశాలన్నీ అడిగాను, పదకొండు నిమిషాల లెక్క కూడా అడిగాను. ఈ ప్రశ్న నాకు తట్టలేదు. ఆట ఆగింది, కోచ్ అయ్యాడు అని ఆయన చెబితే, ఒక గదిలోంచి ఇంకో గదిలోకి వెళ్ళినట్టే అనుకున్నాను. మధ్యలో ఏముందో అడగాలని తట్టింది మంచం మీద ఉన్నవాడికి.

ప్రశ్నని ఉన్నదున్నట్టు ఇంగ్లీషులో చెప్పాను. కోచ్ నేల వైపు చూస్తూ, తన భాష మాటలు మధ్యమధ్య కలుపుకుంటూ మొదలుపెట్టాడు. ఆ శరత్కాలం ముట్టుకోలేదు. తర్వాత మంచు పడింది, మంచులో ఎవరూ ఆడరు, ఆ నెలలు తేలిగ్గా గడిచాయి. వసంతం వచ్చింది, మైదానం ఉన్న వీధిలోంచి నడవడం మానేసి, ట్రాముల డిపో వైపు నుంచి చుట్టూ తిరిగి పనికి వెళ్ళేవాడు. మళ్ళీ శరత్కాలం, మళ్ళీ మంచు. భార్యతో కూడా మాట్లాడని రోజులు ఉన్నాయి. ఆ మంచు కూడా కరిగాక, ఇంకో వేసవి గడిచాక, ఒక రోజు అన్నం తింటుంటే వాళ్ళ చిన్నమ్మాయి బంతి బల్ల కిందకి దొర్లింది. కాలితో వెనక్కి నెట్టాడు. అదే మొదలు.

నేను మనసులో లెక్క వేసుకున్నాను. రెండేళ్ళు. రెండేళ్ళు నిండాయి.

మంచం మీద వాడు నా పెదవుల్నే చూస్తున్నాడు. ఇరవై మూడేళ్ళ వాడికి రెండేళ్ళంటే ఎంత! కాలు ఏమవుతుందో తెలీదు, తల్లి గుమ్మంలో నిలబడి ఏడుస్తోంది. కొంతకాలం అంటే సరిపోతుంది. ఆరు నెలలు అంటే ఎవరికి నష్టం? నా నాలుక మీదికి వచ్చేసింది కూడా. ఇంత జరిగాక, ఇంత ఏడ్చాక కూడా వచ్చింది, అదీ నా సంగతి.

"రెండేళ్ళురా" అన్నాను. "రెండేళ్ళు బంతి ముట్టుకోలేదంట. ఆ వీధిలోంచి నడవలేదంట."

వాడు నా మొహంలో ఏదో వెతికాడు. నేను కళ్ళు దించుకోకుండా కూర్చున్నాను. అయినా వాడికి చాలలేదు. నన్ను దాటి కోచ్ వైపు తిరిగాడు, చెయ్యి పైకెత్తి రెండు వేళ్ళు చూపించి, అవునా అన్నట్టు కనుబొమలు ఎగరేశాడు.

కోచ్ కూడా రెండు వేళ్ళు ఎత్తి, తల ఊపాడు. అప్పుడు గాని వాడు నమ్మలేదు.